తెర లేవక మునుపే

కంప్యూటరుపై ఆడు ఆటలకు సంబంధించిన కష్టములలో మిక్కిలి విచిత్రమైనది ఒకటి కలదు. ఆట మొదలగును, దాని సంగీతము స్పష్టముగ వినవచ్చును, మౌసును కదల్చినపుడెల్ల ఏదో బటనుపై వాలినట్లు చిన్న ధ్వనియు వచ్చును, కాని ఎదుటనున్న తెర మాత్రము నల్లనై, నడుమ ఒక చిన్న పెట్టెలో ‘ఔట్ ఆఫ్ రేంజ్’ అను మూడు మాటలు మాత్రము అటునిటు తేలుచుండును. ఈ మానిటరు చూపగలిగినదానికంటె పెద్ద బొమ్మను ఆట పంపుచున్నదనియు, దానిని తగ్గింపవలెననియు ఆ మాటలకు తాత్పర్యము. తగ్గించుటకు వలసిన ఏర్పాట్లన్నియు ఆటలోపలి ఆప్షన్స్ పుటలో నున్నవి. ఆ పుటను చూపవలసినది ఆ తెరయే.

చేదతో నీళ్లు తోడుకొను ఇంట చేదయే త్రాడు తెగి బావిలో పడినపుడు, దానికొరకు నీటిలోనికి దిగువారు లేరు; వీధిలో ఎవరి యింటనో ఒక పాతాళగరిగ ఉండెడిది, దానిని అడిగి తెచ్చి, మోకుకు కట్టి, గట్టుమీద నిలుచుండియే పడిన వస్తువును పైకి తీసెడివారు. ఆటలోపల చిక్కుకొనిపోయిన డిస్‌ప్లే సెట్టింగులను, ఆటను తెరువకయే, వెలుపలనుండి సరిచేయు సాధనములు అట్టివి కొన్ని కలవు. అవి దాదాపు ప్రతి కంప్యూటరులోను ఇదివరకే ఉన్నవి. వానిని వాడుటకు ప్రోగ్రామింగు నేర్వనక్కరలేదు. ఒక్క రూపాయి వ్యయము లేదు. ఐనను వాని సంగతి తెలియక, ఎందరో యువకులు దినములకొలది విసుగు చెందుటయు, ఎందరో తల్లిదండ్రులు కంప్యూటరు చెడిపోయినదని రిపేరు దుకాణమునకు మోయించుటయు జరుగుచున్నది గనుక, ఈ విషయమును కొంత తీరికగ చెప్పవలెనని తోచినది.

తెలియనివారు మొట్టమొదట చేయు పని ఆటను తుడిచివేసి మరల ఎక్కించుట. నేటి పెద్ద ఆటలు కొన్ని నూరు జీబీలకు మించియున్నవి. దినమునకు ఇంత డేటా యని లెక్కచూచి వాడుకొను ఇండ్లలో అది ఒక రాత్రితో తీరెడి పని గాదు. అంతయు చేసి, ఆశతో తెరచినపుడు, మరల అదే నల్లని తెర. ఏలయన, ఆట తన సామగ్రిని ఒకచోటను, ఆటగాని యిష్టములను వేరొకచోటను ఉంచుకొనును. అన్‌ఇన్‌స్టాల్ చేసినపుడు సాధారణముగ పోవునది మొదటిది మాత్రమే. రెండవది డాక్యుమెంట్స్ ఫోల్డరులోనో, యాప్‌డేటా అను కంటికి కనబడని ఫోల్డరులోనో పదిలముగ నిలిచియుండి, ఆట తిరిగి వచ్చిన వెంటనే పాత కొలతను దానికి అందించును. రోగము ఒకచోటనుండగా మందు మరియొకచోట పూయుట యనగా ఇదియే.

ఈ రోగము ఎట్లు పుట్టునో చూతము. తెరమీది బొమ్మ పిక్సెళ్లు అను చుక్కల సముదాయము. 1987లో ఐబీఎం సంస్థ వీజీఏ అను పద్ధతిని ప్రవేశపెట్టినపుడు, అడ్డముగ 640, నిలువుగ 480, వెరసి 3,07,200 చుక్కలు ఒక తెరకు చాలియుండెను. నేడు సామాన్యమైపోయిన 1920, 1080 తెరపై 20,73,600 చుక్కలు కలవు. 4కే యని పిలువబడు టీవీలపై దానికి నాలుగింతలు, అనగా 82,94,400. గ్రాఫిక్స్ కార్డు ఈ చుక్కలన్నిటిని సెకనుకు అరువది మారులో, అంతకు మించియో, క్రొత్తగ పంపుచుండవలెను. తనకు ఏ కొలత, ఏ వేగము సమ్మతమో మానిటరు తానే 128 బైట్ల వివరపత్రముగ కార్డునకు తెలుపుకొను ఏర్పాటు 1994లో నిర్ణయమై, ఈడీఐడీ యను పేర నేటికిని వాడుకలో నున్నది. విండోస్ ఆ పత్రమును గౌరవించును. అంతేకాదు, మనము డెస్క్‌టాపు కొలతను మార్చినపుడు ‘ఈ మార్పును ఉంచవలెనా’ యని అడిగి, పదునైదు సెకన్లలోపల బదులు రాకున్నయెడల, ఎదుటివానికి తెర కనబడుటలేదని గ్రహించి, పాత కొలతకు తానే మరలిపోవును. యంత్రములలో ఇంతటి దయగల ఏర్పాటును నేను మరి యెక్కువగ చూడలేదు.

ఆటలలో కొన్ని ఈ పద్ధతినే అనుసరించినవి. కాని ఈ రక్షణ మార్పు జరిగిన ఆ క్షణమునకే గాని, కొన్ని నెలల పిమ్మట మానిటరే మారిపోయినపుడు అక్కరకు రాదు. ఆట నిన్నటి కొలతను వ్రాసిపెట్టుకొని మూతపడును; మరునాడు తెరచినపుడు, ఒక్క చుక్కయైనను గీయకమునుపే, ఆ వ్రాతను చదివి ఆ కొలతనే కోరును. నడుమ ఇంటిలో ఏమి జరిగినదో అది అడుగదు.

ఇంటిలో జరుగునవి సామాన్యమైన సంగతులే. పెద్ద మానిటరు పాడై, అటకమీది పాత మానిటరు మరల బల్లమీదికి దిగును. సంక్రాంతికి చుట్టములు వచ్చినపుడు పిల్లలు ల్యాప్‌టాపును హాలులోని టీవీకి తగిలించి ఆడుకొందురు. పండుగ వెళ్లిన పిమ్మట ల్యాప్‌టాపు తన చిన్న తెరతో మిగులును గాని, ఆట జ్ఞాపకమున నుండునది టీవీ కొలతయే. హెచ్‌డీఎంఐ 1.4 మాత్రమే గల పాత ల్యాప్‌టాపులు 4కే బొమ్మను సెకనుకు ముప్పది మారులకంటె ఎక్కువగ పంపజాలవు. ఆటలో అరువది యని వ్రాసియున్నచో అచ్చటను చిక్కే. రెండు మానిటర్లపై ఆఫీసు పని చేసికొనువారు ఒకదానిని తీసివేసినపుడు, విండోగ తెరచుకొను ఆట యొకటి ఆ లేని మానిటరుపైననే తెరచుకొని, ఎచ్చటికి పోయినదో తెలియక వెదకించును. దానిని విండోస్ కీని, షిఫ్టును పట్టుకొని బాణపు కీ నొక్కుటతో ఉన్న తెరమీదికి రప్పించవచ్చును. 2022లో వాల్వ్ సంస్థ విడుదలచేసిన స్టీమ్ డెక్ అను చేతియంత్రమునకు తెర 1280, 800 మాత్రమే. కొన్ని ఆటలు తమ సెట్టింగుల ఫైలును గూడ క్లౌడు ద్వారా యంత్రమునుండి యంత్రమునకు చేరవేయుటచే, ఇంటిలోని పెద్ద తెర కొలత ఆ చిన్న తెరకు సంక్రమించుట కలదు.

ఆటగానికి ఆట వెలుపల కొంత చోటుంచవలెనను ఆలోచన నేటిది గాదు. 1993 డిసెంబరు 10న అమెరికాలోని ఇడ్ సాఫ్ట్‌వేర్ సంస్థ డూమ్ అను ఆటను విడుదల చేసినపుడు, దానితో కూడ సెటప్ అను వేరొక చిన్న ప్రోగ్రామును ఇచ్చెను. శబ్దమునకు ఏ కార్డు, చేతికి ఏ సాధనము అనునవి అచ్చట తేల్చుకొని, పిమ్మట ఆటలోనికి పోవుట ఆనాటి పద్ధతి. ఎంపికలన్నియు డిఫాల్ట్ డాట్ సీఎఫ్‌జీ అను ఫైలులో వరుసకొక పేరు, దాని యెదుట ఒక విలువగ చేరియుండెడివి. స్క్రీన్‌బ్లాక్స్ అను పేరునకు ఎదుటి అంకెను తగ్గించినచో బొమ్మ తెర నడుమకు కుదించుకొనెడిది. డిటెయిల్‌లెవెల్ అనుదానిని మార్చినచో బొమ్మ కొంత మొరటుగ కనబడి, పని తేలికయగుచుండెను. ఆ ఆట తెర కొలత 320, 200. మొత్తము 64,000 చుక్కలు. నేటి కన్నులకు ఇది లెక్కలోనిది గాదు. కాని ఆనాటి నెమ్మది యంత్రముల యజమానులకు ఆ ఫైలులోని ఒక్క అంకెను దిద్దుకొనుట, ఆడగలుగుటకు ఆడలేకపోవుటకు నడుమనున్న భేదము.

ఐతే నన్ను ఇంతకంటె ఆకర్షించినది, 1996 జూనులో అదే సంస్థ వెలువరించిన క్వేక్ అను ఆటలోని క్రమము. ఆ ఆట లేచునపుడు ఒక చిన్న ఫైలును చదువును. దానిలో తరువాత చదువవలసినవాని వరుస వ్రాసియుండును. మొదట, తయారుచేసినవారు నిర్ణయించిన విలువలుగల డిఫాల్ట్ ఫైలు; దాని తరువాత, ఆట తనంతట తాను వ్రాసికొను కాన్ఫిగ్ ఫైలు; దాని తరువాత, ఆటగాడు తన చేతితో వ్రాసికొను ఆటోఎగ్జెక్ అను ఫైలు; అన్నిటికిని తుదిని, ఆటను పిలుచునపుడు దాని పేరు వెంబడి ఆటగాడు చేర్చిన మాటలు. ముందరిదానిని తరువాతిది త్రోసిపుచ్చును. ఆటోఎగ్జెక్ ఫైలును ఆట చదువును గాని ఎన్నడును దానిపై వ్రాయదు. అది పూర్తిగ ఆటగాని సొత్తు. దీనిలో ఒక ధర్మము కలదు. తయారుచేసినవానికి మొదటి మాట చెప్పు హక్కు కలదు. యంత్రమునకు తన జ్ఞాపకము నుంచుకొను హక్కు కలదు. కాని చివరి మాట ఆ కుర్చీలో కూర్చుండి, ఆ తెరను చూచువానిది. ఆ చివరి మాటను ఆట వెలుపలనుండియే చెప్పుటకు వీలుండుట ఈ క్రమములోని సారము. దీని పిమ్మట వచ్చిన జీఎల్‌క్వేక్ అను రూపములో తెర కొలతను పిలుపువరుసలోనే, విడ్త్ 640, హైట్ 480 అని ముందరనొక అడ్డగీతతో చేర్చి చెప్పెడివారు. అది చెప్పినపిమ్మట కాన్ఫిగ్ ఫైలు ఏమి జ్ఞాపకముంచుకొన్నను బాధ లేదు. ముప్పది యేండ్లు కావచ్చుచున్నను, దీనికంటె న్యాయమైన క్రమమును ఎవరైనను కనుగొనిరని నేననుకొనను.

ఐఎన్‌ఐ యను ఫైళ్ల తెగ ఇంకను ప్రాచీనము. 1985లో వచ్చిన విండోస్ తొలి కూర్పునాటికే విన్ డాట్ ఐఎన్‌ఐ యనునది కలదు. వాని స్వరూపము పిల్లవాడైనను చదువదగినది: చదరపు కుండలీకరణములలో ఒక శీర్షిక, దాని క్రింద వరుసకొక పేరు, ఒక సమానపు గుర్తు, ఒక విలువ. తెరచుటకు నోట్‌ప్యాడ్ చాలును.

మా మేనల్లునిచేత ఇట్టి ఫైలును దిద్దించిన సందర్భమొకటి చెప్పెదను. అతడాడునది 2011 నవంబరులో బెథెస్డా సంస్థ విడుదల చేసిన స్కైరిమ్. అతని 1920, 1080 మానిటరు రిపేరుకు పోగా, దాని స్థానమున ఇంటిలో మూలనున్న పదునేడంగుళముల పాతది, 1280, 1024 కొలతగలది, వచ్చి కూర్చున్నది. సాయంకాలము ఫోను చేసెను.

“మామయ్యా, గేమ్ ఓపెన్ కావడం లేదు. రెండరర్ ఏదో ఫెయిలయిందని చెప్పి మూసుకుపోతోంది. తీసేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేసేయనా?”

“తొందరపడకురా. లాంచర్ తెరిచి చూశావా?”

“లాంచర్ తెరిస్తే వీడియో కార్డు మళ్లీ చూసుకుని, నేను పెట్టుకున్నవన్నీ మార్చేస్తుంది మామయ్యా. అందుకే ముట్టుకోలేదు.”

అతని భయము నిరాధారము గాదు. ఆటకు ముందు తెరచుకొను ఆ లాంచరు గ్రాఫిక్స్ కార్డును గుర్తించినపుడు ఏర్పాట్లను తానే నిర్ణయించు అలవాటు గలది. కావున డాక్యుమెంట్స్ తెరువుమంటిని. దానిలో మై గేమ్స్, దానిలో స్కైరిమ్, దానిలో స్కైరిమ్‌ప్రెఫ్స్ డాట్ ఐఎన్‌ఐ. మొట్టమొదట దానికొక కాపీ తీసి ప్రక్కన ఉంచుమని చెప్పి, పిమ్మట నోట్‌ప్యాడులో తెరపించి, డిస్‌ప్లే యను శీర్షిక క్రింద వెదకించితిని. అచ్చట వెడల్పునకు ‘ఐసైజ్ డబ్ల్యూ’ యనియు, ఎత్తునకు ‘ఐసైజ్ హెచ్’ యనియు రెండు పేర్లు కలవు. మొదటిదాని యెదుట 1920, రెండవదాని యెదుట 1080. ఆ పేరులో సైజునకును తరువాతి అక్షరమునకును నడుమ ఒక ఖాళీ యుండును. దానిని చెరుపరాదు, చెరిపినచో ఆట ఆ పేరును గుర్తుపట్టదు. అదే శీర్షికలో ‘బీఫుల్ స్క్రీన్’ అనుదాని యెదుట 1 యని యుండెను. దానిని 0 చేయించి, కొలతను 1280, 720గ వ్రాయించితిని. పాత తెరలో సులభముగ ఇమిడెడి విండోగ తొలుత తెరపించి, అది తెరచుకొన్నదని నిశ్చయమైన పిమ్మట నిండు తెరకు పోవుట నిరపాయమైన మార్గము. ఫైలు సేవ్ చేసి ఆట తెరచెను, తెరచుకొనెను. తరువాత 1024ను, 1ని తానే వ్రాసికొనెను. అతడు ఎన్నో నెలలు శ్రమపడి కూర్చుకొనిన ఏర్పాట్లలో ఈ మూడు విలువలు తప్ప మరేవియు కదలలేదు. తీసివేసి మరల ఇన్‌స్టాల్ చేసియున్నచో రాత్రియంతయు గడచియు ఈ ఫైలు పాత విలువలతోనే యుండెడిది.

చదువదగిన ఫైలు విలువ, చదువరాని ఫైలును చూచినపుడు బాగుగ తెలియును. 2005లో కంప్యూటరునకు వచ్చిన జీటీఏ శాన్ ఆండ్రియాస్ మన తెలుగు పట్టణముల నెట్ సెంటర్లలో ఎందరు బాలురకు ఊపిరియై యుండెనో ఆ తరమువారికి చెప్పనక్కరలేదు. ఆ ఆట తన సెట్టింగులను డాక్యుమెంట్స్‌లోని జీటీఏ శాన్ ఆండ్రియాస్ యూజర్ ఫైల్స్ అను ఫోల్డరులో, జీటీఏ అండర్‌స్కోర్ ఎస్‌ఏ డాట్ సెట్ అను ఫైలులో దాచును. అది అక్షరములుగ వ్రాసిన ఫైలు గాదు. నోట్‌ప్యాడులో తెరచినచో అర్థములేని గుర్తులు కనబడును. కొలత చెడినపుడు చేయదగినది ఒక్కటే: ఆ ఫైలును తీసివేయుట. ఆట మరల లేచినపుడు తొలినాటి విలువలతో క్రొత్త ఫైలును పుట్టించుకొనును. దీనివలన తెర బాగుపడును గాని, కీబోర్డుపై మనము ఏర్పరచుకొనిన కీలు మొదలుకొని సమస్తమును పోవును. ఇంతకంటె ప్రమాదము మరియొకటి: ఆడి దాచుకొనిన ఆటలు, అనగా సేవ్ ఫైళ్లు, ఆ ఫోల్డరులోనే యుండును. ఫైలును తీయుటకు మారుగ ఫోల్డరునే తీసివేసి, సెలవులన్నియు ఆడి సంపాదించినది ఒక్క నొక్కుతో పోగొట్టుకొనిన బాలురు ఏ ఊరికావూరిలో ఉన్నారు. తీసివేయకుడు, వేరొకచోటికి మార్చి చూడుడు.

ఆ నెట్ సెంటర్లలోనే దీనికి విరుద్ధమైన నేర్పొకటి పెరిగినది. ఒకే గదిలో వేర్వేరు కాలములలో కొన్న మానిటర్లు, వేర్వేరు శక్తిగల యంత్రములు. అన్నిటిపైనను నడువవలసినది కౌంటర్-స్ట్రైక్ 1.6. ప్రతి పిల్లవాడును తన గంట తీరునప్పటికి కొలతను తన యిష్టమునకు మార్చి పోవును. తరువాత వచ్చువానికి ఆట తెరచుకొనదు. సెంటరు నడుపువాడు డెస్క్‌టాపుపైనున్న షార్ట్‌కట్టును రైట్ క్లిక్ చేసి, ప్రాపర్టీస్‌లోని టార్గెట్ అను వరుస చివర, అడ్డగీతలతో, డబ్ల్యూ 800, హెచ్ 600 అని చేర్చి ఊరకుండెడివాడు. ఇక ఎవడు లోపల ఏమి మార్చిపోయినను, మరల నొక్కినపుడు ఆట 800, 600లోనే లేచును. క్వేక్ ఆటకు చెప్పిన ఆ క్రమమే ఇది. కౌంటర్-స్ట్రైక్‌ను నడుపు హాఫ్-లైఫ్ ఇంజిను క్వేక్ ఇంజినునుండి పుట్టినది గనుక ఆ గుణము దానికి వారసత్వముగ వచ్చినది. ఆ సెంటర్ల యజమానులు ఈ వంశవృత్తాంతము నెరిగియుండకపోవచ్చును. వారి చేతిపని మాత్రము సరియైనది.

అదే పద్ధతి స్టీమ్ అను ఆటల అంగడిలో నేడు మరింత సులభమైనది. లైబ్రరీలో ఆట పేరును రైట్ క్లిక్ చేసి, ప్రాపర్టీస్ తెరచినచో లాంచ్ ఆప్షన్స్ అను ఖాళీ పెట్టె యొకటి కనబడును. వాల్వ్ సంస్థవారి సోర్స్ ఇంజినుపై నడుచు ఆటలకు అచ్చట ముందు అడ్డగీతతో ‘ఆటోకాన్ఫిగ్’ అని చేర్చి ఒకసారి తెరచి, పిమ్మట తీసివేసినచో వీడియో సెట్టింగులు తొలి విలువలకు మరలును. 2015 ఏప్రిలులో కంప్యూటరునకు వచ్చిన జీటీఏ ఫైవ్‌కు ‘సేఫ్‌మోడ్’ అను మాట కలదు. దానితో పిలిచినచో మిక్కిలి తక్కువ విలువలతో లేచును. దాని సెట్టింగ్స్ డాట్ ఎక్స్‌ఎంఎల్ ఫైలు కూడ చదువదగినదే. అన్‌రియల్ ఇంజినుతో తయారైన ఆటలకు యాప్‌డేటాలోని లోకల్ ఫోల్డరునందు, ఆట పేరుగల ఫోల్డరులో, సేవ్‌డ్, కాన్ఫిగ్ అను మెట్లు దిగినచో గేమ్‌యూజర్‌సెట్టింగ్స్ డాట్ ఐఎన్‌ఐ యుండును. రిజల్యూషన్‌సైజ్ ఎక్స్, వై అను పేర్లు దానిలో కనబడును. పాత డాస్ ఆటలను నడుపు డాస్‌బాక్స్‌కును ఒక కాన్ఫ్ ఫైలు కలదు.

ఇచ్చట నాకొక ఖేదము కలదు. యూనిటీ అను ఇంజినుతో చేసిన ఆటలు ఒకప్పుడు లేచుటకు ముందు చిన్న కిటికీ నొకదానిని చూపెడివి. కొలత యేది, నిండు తెరయా విండోయా, నాణ్యత ఎంత యని అడిగి, ప్లే అను బటను నొక్కిన పిమ్మటనే ఆటలోనికి పోనిచ్చెడివి. అందము లేని యంత్రపు పెట్టె యది. కొందరు తయారీదారులకు అది తమ ఆట శోభను తగ్గించుచున్నట్లు తోచెడిది. 2019.3 కూర్పుతో యూనిటీవారు దానిని తొలగించిరి. ఆ చిన్న కిటికీ పోవుటతో, ఆట తెరువకమునుపే తెరను దిద్దుకొను మార్గము సామాన్యుని కంటికి కనబడకుండ పోయినది. మార్గము పూర్తిగ మూసికొనిపోలేదు. ‘స్క్రీన్-విడ్త్’, ‘స్క్రీన్-హైట్’, ‘స్క్రీన్-ఫుల్‌స్క్రీన్’ అను మాటలతో పిలువవచ్చును. కాని అవి తెలిసినవారికే తెలియును. జ్ఞాపకముంచుకొనిన విలువలు విండోస్ రిజిస్ట్రీలో, తయారీసంస్థ పేరు క్రింద, పేరుకు తోకగ ఒక పొడుగాటి అంకె తగిలించుకొని యుండును. రిజిస్ట్రీలో చేయిపెట్టుట అనుభవము లేనివారికి తగదు. అచ్చట పొరపాటున వేరొకదానిని తుడిచినచో ఆట మాత్రమే గాక కంప్యూటరే చిక్కులలో పడవచ్చును. ఒక కొలతను దాచుటకు అంత లోతైన చోటేల? అందరును చదువగలిగిన ఒక ఫైలు చాలదా?

ఇంతవరకు చెప్పినది తెర కనబడనివారి సంగతి. తెర కనబడినను ఆడలేనివారు వీరికంటె ఎక్కువమంది. మన ఇండ్లలోని ల్యాప్‌టాపులలో ఎన్నింటికో తెర 1366, 768. వేరుగ గ్రాఫిక్స్ కార్డు లేక, ప్రాసెసరులో కలిసియున్నదానితోనే నెట్టుకొనివచ్చునవి. క్రొత్త ఆట తొలిసారి లేచునపుడు ఆ తెరకును ఆ శక్తికిని మించిన నాణ్యతను ఎన్నుకొన్నచో, మెనూ వచ్చునప్పటికే యంత్రము మూర్ఛిల్లును. మౌసును ఒక అంగుళము కదల్చుటకు అరనిమిషము పట్టును. ఆప్షన్స్ వరకు చేరుటయే ఒక యాత్ర. అట్టివారు తొలిసారి ఆట లేచి మూతపడగనే ఫైలు తెరచి, ఆట ఎన్నుకొన్న 1920, 1080 కొలతను 1280, 720కు దించుకొన్నచో, గీయవలసిన చుక్కలు 20,73,600 నుండి 9,21,600 అగును, అనగా సగముకంటెను తక్కువ. నీడల నాణ్యత తెలుపు వరుసను, నిలువు సింక్ వరుసను గూడ అప్పుడే దిద్దుకొనవచ్చును. పేదవాని యంత్రమున ఆట ఆడదగినదగుటకు ఇంతకుమించి చౌకయైన మార్గము లేదు.

చూపు మందగించినవారి విషయము నాకు దీనికంటెను ముఖ్యముగ తోచును. ఎన్‌వీడీఏ అను ఉచిత స్క్రీన్ రీడరు విండోస్‌లోని మాటలను తెలుగుతో సహా అనేక భాషలలో చదివి వినిపించును. కాని ఆటలోపలి మెనూలలో అధికభాగము అక్షరములుగ గాక బొమ్మలుగ గీయబడుటచే, వానిలో ఆ రీడరునకు చదువదగినది ఏమియు ఉండదు. నోట్‌ప్యాడులో తెరచుకొను ఫైలును మాత్రము అది మొదటి వరుసనుండి చివరి వరుసవరకు చదువగలదు. సబ్‌టైటిళ్ల పరిమాణమును, తెర వెలుగును, బొమ్మ అలుకుకొనిపోవు మోషన్ బ్లర్ అను ఏర్పాటును అట్టివాడు ఇతరుల సహాయము లేక, తాను విని, తాను దిద్దుకొని, పిమ్మట ఆటలోనికి పోవచ్చును. కదలెడి దృశ్యములను చూచినపుడు తల తిరుగువారికిని ఇట్లే. మోషన్ బ్లర్ ఆపివేయు మెనూను వెదకుటకై ఆ బ్లర్‌ను ముందు భరింపవలసివచ్చుట అన్యాయము. 2020 జూనులో వచ్చిన ది లాస్ట్ ఆఫ్ అస్ పార్ట్ టూ మొదలగు కొన్ని ఆటలు ఆరంభముననే ఈ ఏర్పాట్లను ముందుంచి, మెనూలను తామే చదివి వినిపించుటకు పూనుకొన్నవి. అది ఉత్తమ మార్గము. ఆ శ్రద్ధ లేని ఆటలయందు అక్షరముల ఫైలే వారికి దిక్కు.

దిద్దువారు ఎరిగియుండవలసిన జాగ్రత్తలు కొన్ని కలవు. ఆట పూర్తిగ మూతపడిన పిమ్మటనే ఫైలును ముట్టవలెను. తెరచియుండగ దిద్దినచో, మూతపడునపుడు ఆట తన పాత విలువలను దానిపై మరల వ్రాయును. వర్డ్ మొదలగు డాక్యుమెంట్లు వ్రాయు ప్రోగ్రాములలో తెరువరాదు. అవి కొటేషన్ గుర్తులను వంపు గుర్తులుగ మార్చి ఫైలును చెరచును. సేవ్ చేయునపుడు పేరు చివర టీఎక్స్‌టీ యను తోక చేరకుండ చూచుకొనవలెను. ఫైలును రీడ్-ఓన్లీ చేసినచో ఆట దానిని మార్చజాలదని కొందరు సలహా చెప్పుదురు. అది నిజమే గాని, తరువాత లోపల మనము మార్చిన యేదియు నిలువదు గనుక, ఆ సంగతి మరువని వారికే అది మంచిది. కంప్యూటరులో యూజరు పేరును తెలుగు లిపిలో పెట్టుకొనినవారికి వేరొక చిక్కు: పాత ఆటలు కొన్ని ఆంగ్లేతర లిపిలోని ఫోల్డరు దారిని చదువలేక, సెట్టింగుల ఫైలునే వ్రాసికొనజాలవు. ఇక ఇతరులతో పోటీపడి ఆడు ఆటలలో, మెనూ ఇచ్చు హద్దులకు మించి గడ్డిని, పొగను తగ్గించుటకై ఫైలును వాడుట ఎదుటివానికి అన్యాయము చేయుట. తెర కొలతను సరిచేసికొనుటకును దానికిని పోలిక లేదు.

హైదరాబాదులోను, విదేశములలోను ఆటలు తయారుచేయు పనిలో నేడు తెలుగు యువతీయువకులు ఎందరో కలరు. వారిని నేను కోరునది నాలుగే. సెట్టింగులను అక్షరములుగ, అర్థమగు పేర్లతో వ్రాయుడు. పిలుపువరుసలో చెప్పిన కొలతకు ఫైలులోని కొలతకంటె ఎక్కువ అధికారమిండు. తక్కువ విలువలతో లేచుటకు ఒక సేఫ్ మోడ్ మాటనుంచుడు. ఆ ఫైలు పేరును, అది యుండు ఫోల్డరును, ఆ మాటను ఆటలోపలి సహాయపుటలో గాక, ఆట వెంట వచ్చు రీడ్‌మీ ఫైలు మొదటి వరుసలలోను, ఆటను అమ్ము పుటలోను అచ్చువేయుడు. సహాయము వలసినవాడు ఆట వెలుపలనే నిలిచియున్నాడు గదా.